కబడ్డీలో చూసేవాడి మాట

ఈ సంగతి మీద నేను ఇప్పటికి ఏడు ఉత్తరాలు రాశాను. మొదటి రెండూ చేత్తో రాసి రిజిస్టర్డ్ పోస్టులో పంపాను. తర్వాతి నాలుగూ ప్రొద్దుటూరులో టైపు చేయించాను, చేతిరాత అర్థం కాలేదనే సాకు వాళ్లకు మిగలకూడదని. వాటిలో ఒకదాన్ని నేనే కడపకు తీసుకెళ్లి, ఆఫీసులో ఇచ్చి, అందినట్టు ముద్ర వేయించుకొని వచ్చాను. ఏడోది మెయిలు. ఒక్కదానికీ జవాబు రాలేదు. మీ ఉత్తరం చేరింది అన్న ముక్క కూడా రాలేదు. ముద్ర వేసిన గుమాస్తా తలెత్తి నా ముఖం చూడలేదు. స్టాంపు ప్యాడులో సిరా ఆరిపోయిందని పక్కాయనతో చెప్పుకుంటూనే కొట్టాడు. ముద్ర సగమే పడింది.

నన్ను ఎరిగినవాళ్లకు ఇందులో వింతేమీ ఉండదు. ఎప్పుడూ ఏదో ఒక ఫిర్యాదు చేసే మనిషినని నేను పనిచేసిన ప్రతి బళ్లోనూ పేరు పడింది. కాదనను. మండల క్రీడల ఫోటో పేపర్లో వేసినప్పుడు పోటీలన్నిటికీ మైకులో వ్యాఖ్యానం చెప్పిన నన్ను భుజం దగ్గర కత్తిరించారు. ఆ భుజం నాదేనని ఇప్పటికీ చూపించగలను. ఒక శిక్షణ తరగతిలో కోస్తా నుంచి వచ్చిన పెద్దమనిషి, నేను ‘యాడ’ అన్నందుకు, ఆ మాట నాలాగే పలికి గదంతా నవ్వించాడు. పదకొండేళ్లయింది. ఆయన చొక్కా గీతలు కూడా నాకు గుర్తే.

ఇది మాత్రం అలాంటి ఫిర్యాదు కాదు. ఇది ఒక అమ్మాయి మార్కు సంగతి. పదో తరగతి ఇంగ్లీషు పరీక్షలో ఆటల మాటల మీద ఒక ప్రశ్న వచ్చింది. దానికి ఆమె రాసిన జవాబు తప్పో ఒప్పో, తప్పయితే ఎందుకు తప్పో, నాకు ఎవరూ చెప్పలేదు. నేను అడుగుతున్నది అంతే.

అప్పుడు నేను జమ్మలమడుగు దగ్గర ఒక పల్లెలో ఇంగ్లీషు చెప్పేవాణ్ని. ఇల్లు ప్రొద్దుటూరులో. పొద్దున బస్సెక్కి పోయి, సాయంత్రం బస్సెక్కి వచ్చేవాణ్ని. పాఠ్యపుస్తకంలో ఒక పేజీ నిండా ఆటలు, క్రీడలు, కాలక్షేపాలకు సంబంధించిన ఇంగ్లీషు మాటలుండేవి. ఏ ఆటను ఎక్కడ ఆడతారు, ఆడేవాణ్ని ఏమంటారు, చేతిలో ఏం పట్టుకుంటారు. అందులో మంచు మీద జారే రింకు ఉంది. గోల్ఫులో సంచి మోసే క్యాడీ ఉన్నాడు. సరదాగా సముద్రం మీద తిరిగే యాట్ ఉంది. పెన్నలో నీళ్లకంటే ఇసుకే ఎక్కువ రోజులు కనబడే ఊళ్లో, ఆ పేజీ పట్టుకొని నేను నలభైమంది ముందు నిలబడేవాణ్ని.

రింకు గురించి చెప్పినరోజు వెనక బెంచీ నుంచి ఒకడు లేచాడు.

“ఐసు మీద జారేదానికి పనిగట్టుకొని పోతారా సార్?”

“పోతారు.”

“దుడ్లిచ్చి?”

“అవును, టికెట్టు కొని.”

“మా అవ్వ బాత్రూమ్ కాడ జారి తుంటి ఇరగ్గొట్టుకున్యాది సార్, ఉత్తపున్యానికి.”

గదంతా నవ్వింది. నేనూ నవ్వాను. కానీ ఆ సాయంత్రం బస్సులో కూర్చుంటే నవ్వు రాలేదు. ఈ పిల్లలు ఆ మాటలను ముక్కున పట్టుకొని పరీక్షలో వదిలేసి పోతారు, అంతే. మాటకు ఒక మనిషినో ఒక చోటునో చూపించలేకపోతే నేను అక్కడ ఉన్నందుకు ఏం లాభం అనిపించింది.

ఆ నెలలోనే ఊరి ఉరుసు వచ్చింది. ఉరుసుకు మా బడి వెనక మైదానంలో కబడ్డీ పోటీలు పెడతారు. చుట్టుపక్కల ఊళ్ల జట్లన్నీ ట్రాక్టర్లలో దిగుతాయి. నేను పదో తరగతి పిల్లలకు చీటీలు రాసిచ్చాను. ఒక్కో చీటీలో ఒక్క ఇంగ్లీషు మాట. అంపైర్, స్కోరర్, రైడర్, కోచ్, స్పెక్టేటర్, ఇలా. చీటీలో ఉన్న మనిషి మైదానంలో ఎక్కడున్నాడో వెతికి, పోయి ఆ మనిషి పక్కన నిలబడాలి. ఆ మనిషి ఏం చేస్తున్నాడో చూసి వచ్చి నాలుగు ముక్కలు ఇంగ్లీషులో రాయాలి. ఈ పద్ధతి నా సొంతం. ఎవరూ మెచ్చుకోలేదు; అది వేరే సంగతి.

నేను చెబుతున్న అమ్మాయికి స్పెక్టేటర్ అన్న చీటీ వచ్చింది. చూసేవాళ్లు మైదానం చుట్టూ కట్టిన తాడు వెంబడి రెండు వందల మంది ఉన్నారు, ఎవరి పక్కనైనా నిలబడవచ్చు. ఆమె నేరుగా పోయి వాళ్ల తాత పక్కన నిలబడింది.

ఆ తాత గురించి చెప్పాలి. ఊళ్లో పరుపులు కుట్టేవాడు. ఎప్పుడు చూసినా కనుబొమ్మల మీద దూది నూగు ఉండేది. కొడుకు, అంటే ఆ అమ్మాయి తండ్రి, కువైటులో డ్రైవరు. చిన్నప్పుడే ఎడమ చెయ్యి విరిగి వంకరగా అతుక్కోవడం వల్ల తాత ఏ ఆటా ఆడలేదు. కానీ యాభై ఏళ్లుగా ఆ చుట్టుపక్కల జరిగిన కబడ్డీ అంతా చూశాడు. ఊళ్లో ఆయన్ను హిందువులూ ముస్లిములూ అందరూ మామా అనే పిలిచేవాళ్లు. నేనూ అంతే.

మా ప్రాంతపు కబడ్డీలో ఒక ఆచారం ఉంది. తగిలిందా తగల్లేదా అని తగువు వస్తే అంపైరు ఒక్కడే తేల్చడు. తేలిస్తే ఒప్పుకోరు. అంపైరు ఏదో ఒక ఊరివాడై ఉంటాడు, ఏదో ఒక పెద్ద ఇంటికి కావలసినవాడై ఉంటాడు. అందుకని అతను ఈల వేసి, తాడు దగ్గరికి నడిచి, చూసేవాళ్లలో ఒకరిని అడుగుతాడు. ఆ ఒక్కరు ఏ జట్టుకూ చెందకూడదు, జన్మలో కబడ్డీ ఆడి ఉండకూడదు. ఆడినవాడికి పాత పగలుంటాయి అని వాళ్ల లెక్క. ఆ మనిషి చెప్పిందే మాట. చెప్పాక మళ్లీ ఎవరూ నోరెత్తరు. ఆ ఊళ్లో ఆ మనిషి ఈ పరుపుల మామ.

ఆ అమ్మాయి తాత పక్కన నిలబడి ఉండగానే తగువు వచ్చింది. కూతకు వెళ్లినవాడు వెనక్కి దూకుతూ ఒకడి మడమ అంటుకున్నానన్నాడు.

“తగిలింది సారూ, మడమకు తగిలింది.”

“యాడ తగిలింది? నీ చెయ్యి నా మడమ మొగం సూసిందా?”

“నీ మడమ కడుక్కోకుండా ఈడికి రా. నా యేలి గుర్తు ఉంటాది.”

“కడుక్కుంటే నువ్వు తాగుతావా ఆ నీళ్లు?”

రెండు జట్లూ రొమ్ములు ఆనించుకొని నిలబడ్డాయి. అంపైరు మా బడి డ్రిల్లు మాస్టరే. ఈల వేసి తాడు దగ్గరికి వచ్చాడు.

“మామా, నువ్వు సూస్తివి గదా. ఏందో చెప్పు.”

మామ తొందరపడలేదు. మంచి చేత్తో కనుబొమ్మ తుడుచుకొని, “తగల్లా,” అన్నాడు. “దుమ్ము లేసింది, చెయ్యి లేసింది. రెండూ ఒకటేసారి లేసినాయి, నీకు తగిలినట్టు కనపడింది. తగల్లా అప్పా.”

కూతకు వెళ్లినవాడు ఒక్క క్షణం చూసి, “మామ చెప్తే ఇంగేముంది,” అని తన గీత అవతలికి పోయి నిలబడ్డాడు. డ్రిల్లు మాస్టరు చెయ్యి పైకెత్తి ఔటు కాదని చూపించాడు.

ఆ అమ్మాయి చీటీ పట్టుకొని నా దగ్గరికి వచ్చింది.

“సార్, నా చీటీలో స్పెక్టేటర్ అని ఉండాది. మా తాత స్పెక్టేటరా, అంపైరా?”

“స్పెక్టేటరే.”

“మరి తీర్పు చెప్పినాడు గదా.”

అప్పుడు నేను అన్న మాట ఇది. అక్షరం మార్చకుండా రాస్తున్నాను. “మన కాడ అంపైరూ చెప్తాడు, రెఫరీ చెప్తాడు, స్పెక్టేటరూ చెప్తాడు.”

“మరి కోచ్?”

అవతలి పక్క ఒక జట్టు కోచ్ తలకు తువ్వాలు చుట్టుకొని గొంతు పోయేలా అరుస్తున్నాడు. “కోచ్ అరుస్తాడు,” అన్నాను. పిల్లలంతా పగలబడి నవ్వారు. ఆ అమ్మాయి నవ్వలేదు. తల ఊపి, చీటీ వెనక రాసుకుంది. ఆ రోజు ఇంటికి పోతూ, ఇన్నేళ్లలో ఒక మాటను సరిగ్గా చెప్పాను అనుకున్నాను.

మార్చిలో పరీక్ష. ఇంగ్లీషు పేపర్లో నాలుగు మాటలిచ్చారు: అంపైర్, రెఫరీ, కోచ్, స్పెక్టేటర్. తక్కిన మూడింటితో కలవనిది ఏదో రాయాలి. ఒక మార్కు. కారణం రాయడానికి చోటు లేదు. పరీక్ష అయ్యాక ఆ అమ్మాయి ఏం రాసిందని నేను అడగలేదు. అడిగే అలవాటు నాకు లేదు. అయిపోయిన పరీక్ష గురించి మాట్లాడితే పిల్లలు తర్వాతి పరీక్షకు చదవరు.

ఆ వేసవిలో పేపర్లు దిద్దడానికి నన్ను కడపకు వేశారు. స్పాట్ వాల్యుయేషన్ అంటే మా ఉపాధ్యాయులకు ఏటా తప్పని పని. ఒక పెద్ద బళ్లో బెంచీలు జోడించి కూర్చోబెడతారు. వేరే జిల్లా పిల్లల పేపర్లు కట్టలు కట్టలుగా తెచ్చి ముందు పెడతారు. మన జిల్లావి ఇంకెక్కడికో పోతాయి. మొదటిరోజు పొద్దున నా నెత్తి మీది ఫ్యాను తిరగలేదు. నేను లేచి చెప్పాను. క్యాంపు చూసుకునే అధికారి తలుపు దగ్గర నిలబడి ఉన్నాడు.

“మాస్టారూ, పోయినేడు మీకు నీళ్లు. ఈ ఏడు ఫ్యానా?”

గదంతా నవ్వింది. నేను పుస్తకంతో విసురుకుంటూ కూర్చున్నాను. పది నిమిషాల తర్వాత చీఫ్ ఎగ్జామినరు మేడమ్ వచ్చి కీ చదివింది. ఏ ప్రశ్నకు ఏ జవాబుకు మార్కు వేయాలో అందులో ఉంటుంది. ఈ ప్రశ్న దగ్గరికి వచ్చి, “స్పెక్టేటర్,” అని చదివి, “ఎవరికైనా సందేహం ఉంటే ఇప్పుడే చెప్పండి, తర్వాత మార్చం,” అంది.

నాకు ఆ క్షణంలో మైదానం, తాడు, మామ అన్నీ కళ్లముందు నిలిచాయి. ఈ ప్రశ్నకు రెండు జవాబులు వస్తాయి, మా ప్రాంతపు పిల్లలు కోచ్ అని రాస్తే అది కూడా ఒప్పుకోవాలి అని చెప్పడానికి చెయ్యి ఎత్తాను. సగం ఎత్తాను. తలుపు దగ్గరి అధికారి నావైపే చూస్తున్నాడు, పెదవుల మీద నవ్వు ఇంకా పోలేదు. నేను ఆ చేతిని మెడ వెనక్కి తీసుకెళ్లి చెమట తుడుచుకున్నాను. మేడమ్ తర్వాతి ప్రశ్నకు పోయింది.

ఈ సంగతి ఆ ఏడు ఉత్తరాల్లో ఎక్కడా రాయలేదు. ఇప్పుడే మొదటిసారి రాస్తున్నాను. ఫ్యాను గురించి నోరు తెరిచినవాణ్ని, నీళ్ల గురించి, ఫోటో గురించి నోరు తెరిచినవాణ్ని, నోరు తెరవాల్సిన ఒక్కచోట అలిగి ఊరుకున్నాను. అలక కాక దానికి ఇంకో పేరు లేదు. ఆ తర్వాత వారం రోజులు, కోచ్ అని రాసిన ప్రతి పేపరు మీదా నేనే ఎర్ర ఇంకుతో అడ్డగీత గీశాను. ఆ జిల్లాలో వాళ్లు ఏ ఊరి పిల్లలో, ఏ తాడు దగ్గర నిలబడి ఏం చూశారో నాకు తెలియదు. అడ్డగీత మాత్రం తిన్నగా గీశాను. నా దిద్దుబాటు శుభ్రంగా ఉంటుందని మేడమ్ చివరిరోజు అంది కూడా.

ఫలితాలు వచ్చాయి. ఇడుపులపాయలోని సాంకేతిక విశ్వవిద్యాలయం క్యాంపసులో చేరాలని ఆ అమ్మాయి కోరిక. అక్కడ పదో తరగతి మార్కులు చూసే సీటు ఇస్తారు, అక్కడే ఉంచుకొని ఆరేళ్లు చదివిస్తారు. మా బళ్లో ఆ అమ్మాయికీ ఇంకో అమ్మాయికీ ఒక్క మార్కు తేడా. ఇద్దరూ ఒకే వీధి, ఒకే కోటా. ఎక్కువ వచ్చిన అమ్మాయికి సీటు వచ్చింది. ఈ అమ్మాయికి రాలేదు. సీటు వచ్చిన అమ్మాయి మీద నాకు ఏ ఫిర్యాదూ లేదు. ఆమె కూడా నా విద్యార్థినే.

పేపరు మళ్లీ చూడమని మేమే బడి తరఫున దరఖాస్తు పెట్టించాం. దిద్దిన పేపరు నకలు వచ్చింది. ఆ రోజు తాతా మనవరాలూ ఇద్దరూ బడికి వచ్చారు. నేను పేజీలు తిప్పాను. గుండ్రటి తీరైన అక్షరాలతో కోచ్ అని రాసి ఉంది. దాని మీద అడ్డగీత. అంత తిన్నని అడ్డగీత నేను గీసినట్టే ఉంది. గీసింది నేను కాదు, ఇంకో జిల్లాలో ఇంకెవరో నాలాంటివాడు.

“సార్, నాది తప్పా?” అంది.

ఒప్పు అంటే మరి మార్కు ఎందుకు పోయిందని అడుగుతుంది. తప్పు అంటే చెప్పింది మీరే కదా అంటుంది. అనదు, కానీ అనుకుంటుంది. “కనుక్కొని చెప్తా,” అన్నాను.

మామ బెంచీ అంచున కూర్చున్నాడు. నకలు కాగితాన్ని వేలితో తాకి, “ఇదేనా సారూ, నన్ను జూసి ఈ పిల్ల రాసింది?” అన్నాడు.

“నిన్ను చూసి కాదు మామా. నేను చెప్తే రాసింది.”

“నువ్వు చెప్పింది నన్ను జూసే గదా.”

“వాళ్లకు రాస్తాండా. మళ్లీ చూస్తారు.”

“సూసేటోళ్లు సూస్తారులే సారూ. చెప్తారా అని.”

ఆయన ఎగతాళికి అనలేదు. నిజంగానే అడిగాడు. పై వారం వెబ్‌సైటులో వాళ్ల జవాబు వచ్చింది: మార్పు లేదు. రెండే మాటలు. ఎందుకు లేదో లేదు. అప్పటినుంచి నేను ఉత్తరాలు మొదలుపెట్టాను.

మరుసటి ఏడు ఉరుసుకు నేను పిల్లలను తీసుకుపోలేదు, చీటీలూ రాయలేదు. ఒక్కణ్నే పోయి తాడు దగ్గర నిలబడ్డాను. ఎండ బాగా ఉంది. రెండో పోటీలోనే తగువు వచ్చింది, గీత దాటాడా లేదా అని. డ్రిల్లు మాస్టరు ఈల వేసి, అలవాటు ప్రకారం మామ దగ్గరికి నడిచాడు.

“మామా, చెప్పు.”

“నన్ను అడగొద్దప్పా.”

“ఏంది మామా, సూడలేదా?”

“సూసినా.”

“మరి చెప్పు.”

“సూసేటోని మాట లెక్కలేకి రాదంట. పెద్ద పరీచ్చలో రాసినారంట. ఆ పిల్ల సదువు పాయ నా మూలంగా. ఇంగ నేను చెప్పను. నేను ఉత్త సూసేటోన్ని.”

డ్రిల్లు మాస్టరు ఆయన్ను బతిమాలాడు. అవతలి జట్టు కెప్టెను వచ్చి, “మామా, మాకు విరుద్ధంగా చెప్పినా ఒప్పుకుంటాం, చెప్పు,” అన్నాడు. ఆయన తల అడ్డంగా ఊపి, మంచి చేత్తో వంకర చెయ్యి పట్టుకొని నేల చూస్తూ నిలబడ్డాడు. చివరికి డ్రిల్లు మాస్టరే ఔటు అన్నాడు. ఔటైనవాడు కదలలేదు. ఎవరో ఎవరినో తోశారు. ఆ పోటీ అంతటితో ఆగిపోయింది. ఒక జట్టు ట్రాక్టరెక్కి వెళ్లిపోయింది. సాయంత్రానికి మిగతావాళ్లూ వెళ్లిపోయారు.

ఈల మెడలోంచి తీసి జేబులో పెట్టుకుంటూ డ్రిల్లు మాస్టరు నా పక్కకు వచ్చాడు. మేమిద్దరం పన్నెండేళ్లు ఒకే బళ్లో పనిచేశాం. నా ఫిర్యాదులన్నీ విసుక్కోకుండా విన్నవాడు అతనొక్కడే.

“నీ ఇంగ్లీషు వచ్చి మా ఆట మీద పడింది గదప్పా,” అన్నాడు.

ఆ తర్వాత రెండేళ్లు ఉరుసుకు కబడ్డీ పెట్టలేదని విన్నాను. ఇప్పుడు వాలీబాల్ పెడుతున్నారట.

అయిదో ఉత్తరం నేనే తీసుకొని కడప పోయినప్పుడు, సగం ముద్ర పడ్డాక, లోపల ఒక అధికారిని కలవనిచ్చారు. బల్ల మీద మూడు ఫోన్లు పెట్టుకొని ఉన్నాడు. మంచివాడే. కూర్చోమన్నాడు.

“మాస్టారూ, ఒక్క మార్కు. ఏనాటిదో. ఆ అమ్మాయి కూడా మర్చిపోయింటుంది.”

“మర్చిపోయినానని మీకు చెప్పిందా సార్?”

“స్పెక్టేటర్ అంటే ఏంది? మీరే చెప్పండి.”

“చూసేవాడు.”

“మరింకేం?”

“మా కాడ చూసేవాడే తేలుస్తాడు సార్. అంపైరు పోయి అడుగుతాడు.”

“మీ కాడిది మీ కాడ పెట్టుకోండి మాస్టారూ. పేపరు రాష్ట్రానికంతా ఒకటే.”

“అదే కాగితం మీద రాసి ఇవ్వండి.”

ఆయన నవ్వాడు. ఒక ఫోను మోగింది, ఎత్తాడు. మాట్లాడుతూనే చెయ్యి ఊపాడు. నేను మళ్లీ మాట్లాడదామని పది నిమిషాలు నిలబడ్డాను. ఆ తర్వాత వచ్చేశాను.

ఇప్పుడు నేను పులివెందులలో గది తీసుకొని వేముల దగ్గరి బళ్లో పనిచేస్తున్నాను. ఆదివారాలు ప్రొద్దుటూరు పోతాను. ఇంకో ఏడాదిన్నరలో నా ఉద్యోగం అయిపోతుంది. పాఠ్యపుస్తకం మారింది కానీ ఆటల మాటల పేజీ అలాగే ఉంది. క్యాడీ పోయాడు, ఇంకెవరో వచ్చారు. ఇక్కడి పిల్లలు కూడా తెలివైనవాళ్లు. ఇక్కడ తిరునాళ్లకు ఎద్దులతో బండ లాగించే పోటీలు జోరుగా జరుగుతాయి. వాటిలో రెఫరీ ఉంటాడు, స్కోరరు ఉంటాడు, కొలిచేవాడు ఉంటాడు, తాడు పట్టుకొని మధ్యవర్తిత్వం చేసే పెద్దమనుషులూ ఉంటారు. వీళ్లను చూపించి ఎన్నో మాటలు చెప్పవచ్చు. నేను చూపించడం లేదు. స్పెక్టేటర్ అంటే చూసేవాడు, అతనికి ఆటలో పని లేదు, అలా రాసుకోండి అని చెబుతున్నాను. పిల్లలు రాసుకుంటున్నారు. మార్కులు వస్తున్నాయి. మొన్న తొండూరు నుంచి వచ్చే ఒక పిల్లవాడు, “సార్, మా కాడ చూసేటోళ్లే గదా తీర్పు చెప్పేది,” అన్నాడు. “పరీక్షలో అది రాయొద్దు,” అన్నాను. అతను రాసుకున్నది వెంటనే కొట్టేశాడు. ఎందుకని కూడా అడగలేదు.

ప్రొద్దుటూరులో ఒక చీరల దుకాణం ఉంది. ఆ అమ్మాయి అక్కడ బిల్లులు కొడుతుంది. ఇంటర్ ప్రొద్దుటూరులోనే చదివి, డిగ్రీ దూరవిద్యలో కట్టింది. చాలాకాలం నేను ఆ వీధిలో పోలేదు, చుట్టుతిరిగి పోయేవాణ్ని. పోయిన నెల మా ఇంటామె పట్టుబట్టి ఆ దుకాణానికే తీసుకెళ్లింది. బిల్లు దగ్గర ఆమే ఉంది. మనిషి పెద్దదైంది. నన్ను చూసి లేచి నిలబడింది.

“సార్, బాగుండారా?”

“ఉండా తల్లీ. నువ్వు?”

“బాగుండా సార్. నాయన కువైటు నుంచి వచ్చేసినాడు.” కవరులో చీర పెడుతూ, తల ఎత్తకుండా, “ఏమన్నా చెప్పినారా సార్ వాళ్లు?” అంది.

“రాసినా. ఏడు మాట్లు రాసినా. రాలేదు.”

“పోనీలే సార్. నాకేం లేదు. తాత అడుగుతాంటాడు. సారు కనుక్కొని చెప్తానన్యాడు గదా, చెప్పినాడా అని. ఉండుండి అదే అడుగుతాడు.”

“ఎట్లుండాడు?”

“కండ్లు కనపడవు సార్ ఇప్పుడు. దూది పని మానేసినాడు.”

మా ఇంటామె బయట ఆటోను పిలుస్తోంది. నేను కవరు తీసుకొని వచ్చేశాను. దారిలో మా ఇంటామె చీర రంగు గురించి ఏదో అడిగింది. ఏం చెప్పానో గుర్తు లేదు.

మార్కు వేయమని నేను ఇప్పుడు అడగడం లేదు. వేసినా ఆ సీటు రాదు. ఫ్యాను గురించి, ఫోటో గురించి, నవ్విన పెద్దమనిషి గురించి రాసినవన్నీ చించి పారేయండి, వాటి మీద నాకు ఇప్పుడు ఓపిక లేదు. ఆ ప్రశ్న రాసినవారు ఎవరో నాకు తెలియదు, ఆ కీ తయారుచేసినవారూ తెలియదు. వాళ్లు ఉన్నారు, ఎక్కడో ఒక ఊళ్లో ఇది అచ్చయిన పుస్తకం వాళ్ల చేతికి రావచ్చు. కీ చదువుతుంటే సగం ఎత్తిన చెయ్యి దించుకున్నవాణ్ని నేను, ఆ తప్పు నాది, దానికి నేను సంతకం పెడతాను. మీరు కూడా మీ దానికి పెట్టండి. రెండు ఊళ్లవాళ్లు ఒప్పుకొని అడిగితే ఒక ముసలాయన చూసింది చూసినట్టు చెప్పేవాడు. ఆయన్ను చూసి, నేను చెప్పినదాన్ని నమ్మి, ఒక పిల్ల కోచ్ అని రాసింది. అది తప్పా, ఒప్పా? ఒక్క ముక్క రాసి, కింద మీ పేరు పెట్టి నాకు పంపండి. ఆయన బతికుండగా పోయి చదివి వినిపించాలి.